మూత లేని రొట్టె

చిట్టీ, అబ్బులూ,

ఈ పొద్దున పెనం మీద కాస్త నెయ్యి వేసి రొట్టె ముక్కను కాల్చి పక్కన పెట్టాను. ఇంకో పొయ్యి మీద బాణలిలో మెత్త పీతను వెల్లకిలా జారవిడిచాను. ముందు చుయ్యిమని గొడవ చేసింది. నెయ్యి చిట్లి ముంజేతి మీద పడింది. కాసేపటికి ఆ గొడవ సన్నబడి, తాటాకు కప్పు మీద ముసురు పడుతున్న చప్పుడులా నిలకడగా సాగింది. ఆ మార్పు వినగానే నా చెయ్యి దానంతటదే అట్లకాడ అందుకుని పీతను తిరగేసింది. చూసి తిప్పలేదు, విని తిప్పాను. అలా వినడం నాకు నేర్పిన మనిషిని మీరెప్పుడూ చూడలేదు. మీ అమ్మకైనా లీలగా గుర్తుంటే గుర్తుండాలి.

కిందటి ఉత్తరంలో మీరిద్దరూ అడిగారు, "అమ్మమ్మా, నీ పీత రొట్టె ఎలా చెయ్యాలో రాయి, రంగూన్‌లో కూడా మెత్త పీతలు దొరుకుతున్నాయి" అని. నాలుగు ముక్కల్లో రాసి పంపేద్దామనే కూర్చున్నాను. 'ముందు పీతను కడగాలి' అని రాయగానే ఆవిడ వచ్చి పక్కన కూర్చున్నట్టయింది. "బతికుందో లేదో చూడమని రాయవేంటే?" అని అడిగినట్టయింది. అందుకని ముందు ఆవిడ గురించి చెబుతాను. పద్ధతి అందులోనే ఉంటుంది, ఏరుకోండి.

ఆవిడ పేరు అన్నమ్మ గారు. యానాంలో ఒక పరాసు దొర ఇంట్లో, అదే, ఫ్రెంచి దొర ఇంట్లో వంటమనిషి. ధవళేశ్వరం ఆనకట్ట కట్టిన కొత్తలో పుట్టినదాన్ని నేను. ఆ ఇంట్లో పనికి కుదిరేనాటికి నాకు పన్నెండో పదమూడో. అమ్మ పోయింది. అయ్య మడ అడవుల్లో పాయల వెంట తిరిగి పీతలు పట్టేవాడు. ఆడపిల్లను ఎన్నాళ్ళు పడవలో తిప్పుకోను అని, తను పీతలు అమ్మే ఇంట్లోనే నన్ను వదిలాడు. అన్నమ్మ గారు పొడుగ్గా, నిటారుగా ఉండేది. తెల్ల చీర, మెడలో నల్లతాడుకు చిన్న సిలువ. ఓడ పనికి వెళ్ళిన భర్త తిరిగి రాలేదట. ఆవిడ గొంతు పెంచగా నేనెన్నడూ వినలేదు. ఎవరినైనా భయపెట్టాలంటే ఇంకా తగ్గించేది.

మొదటిరోజే నా చేతిలో ఒక పీతను పెట్టి, "బతికుందా?" అని అడిగింది.

పీతలు పట్టేవాడి కూతుర్ని కదా, నవ్వొచ్చింది. "బతికే ఉందండి. కాలు కదులుతోంది కదండీ."

"కాలు నువ్వు కదిపినా కదులుద్ది. నోటి దగ్గర వేలు పెట్టు."

పెట్టాను. నోటి ముందు చిన్న చిన్న రేకులు వేలి కొసను గీరాయి. లోపలి నుంచి తడి ఊపిరి తగిలింది.

"అదీ బతికుండటమంటే. చచ్చిన పీత నా పొయ్యి ఎక్కకూడదు. అది ఎప్పుడు చచ్చిందో మనకి తెలీదు. మనకి తెలీనిది ఇంకొకళ్ళ కడుపులో పెట్టకూడదు. అర్థమైందా, నూకాలూ?"

అర్థమైందన్నాను. ఆ మాట అనడానికి ఎంతసేపు పడుతుంది?

మెత్త పీత అంటే వేరే జాతి కాదు. పీత పెరగాలంటే పాత చిప్పను విడిచి బయటికి రావాలి. వచ్చిన ఆ పూట దాని ఒళ్ళు తడిపిన తోలులా మెత్తగా ఉంటుంది. అప్పుడు వేపితే చిప్పతో సహా నమిలెయ్యొచ్చు. పూట దాటితే బిగిసిపోతుంది. మా అయ్య చిప్ప విడవబోయే పీతలను చూడగానే పోల్చేవాడు. వాటిని వెదురు బుట్టలో వేసి పాయ నీళ్ళలో ముంచి కాపు కాసేవాడు. మన వైపు వాటిని పులుసు పెట్టుకుంటారు. దొరసానమ్మ మాత్రం వాళ్ళ ఊళ్ళో సముద్రపు చేపలను రొట్టె ముక్క మీద పెట్టుకుని తినేవాళ్ళమని, పైన ఇంకో ముక్క మూత పెట్టరని చెప్పింది. అన్నమ్మ గారు ఆ రొట్టె మీద మన మెత్త పీతను ఎక్కించింది. గుడ్డు పచ్చసొనలో నూనె బొట్టు బొట్టుగా పోస్తూ, వెన్నలా గట్టిపడేదాకా గిలక్కొట్టి, నిమ్మరసం పిండి, ఎవరికీ చెప్పకుండా ఒక పచ్చిమిరపకాయ నూరి కలిపేది. కాల్చిన రొట్టెకు అది రాసి, పైన పీత, పక్కన ఉల్లిచక్రాలు.

"రెండో ముక్క ఎందుకు పెట్టరండీ?" అని అడిగానొకసారి.

"తినేవాళ్ళకి ఏం తింటున్నారో కనపడొద్దా?" అంది.

ఆవిడకు కళ్ళు కనపడవన్న సంగతి నాకు తెలియడానికి ఏడాది పట్టింది. పొయ్యి సెగ చూడాలంటే అరచెయ్యి చాపేది. ఉప్పు డబ్బా ఎవరైనా జానెడు జరిపితే ఆ పూటంతా చిరాకు పడేది. వేపుడు రంగు ఎన్నడూ చూసేది కాదు, చెవి పక్కకి వంచి వినేది. ఇదంతా పెద్ద వంటమనిషి దర్జా అనుకున్నాను. ఒకరోజు కాచిన పాల గిన్నెలో ఈగ పడి తేలుతోంది. ఆవిడ దాని మీదికి ముఖం వంచి, బాగానే ఉన్నాయని దొరగారి కాఫీలో పోయబోయింది. నేను గబుక్కున చెంచాతో తీసేశాను. చెంచా గిన్నెకు తగిలింది. ఆవిడ చెయ్యి ఆగిపోయింది.

"ఏం తీశావే?"

"ఈగండి."

గిన్నెను తడిమి కింద పెట్టింది. తరవాత ఇంకా చిన్న గొంతుతో, "ఎన్నాళ్ళ నుంచి తెలుసు?" అంది.

"ఇప్పుడేనండి."

"ఎవరికైనా చెప్తావా?"

"చెప్పనండి."

కళ్ళలో పాలపొర కమ్మిందట. వెలుగు తెలుస్తుంది, మనిషి నీడ తెలుస్తుంది, ఈగ తెలియదు. ఆ ఇంటికి తెలిస్తే ఆ రోజే గేటు దాటాలి. ఎక్కడికెళ్ళాలో ఆవిడకే తెలియదు. ఆనాటి నుంచి నేనే ఆవిడ కళ్ళు. బియ్యంలో రాళ్ళు, కూరలో వెంట్రుక, గిన్నె అంచున మసి, అన్నీ నా పనే. ప్రతి పళ్ళెం వంటింటి గుమ్మం దాటేముందు నా వైపు తిరిగి ఒక మాట అడిగేది.

"నాకు తెలియంది ఏమైనా ఉందా?"

ఉంటే చెప్పేదాన్ని. లేకపోతే "లేదండి" అనేదాన్ని. అప్పుడే పళ్ళెం కదిలేది. ఆ ఒక్క మాట మీద ఆవిడ ఉద్యోగం, నా తిండి, ఆ ఇంటివాళ్ళ ఆరోగ్యం నడిచాయి. ఆవిడ తన సంగతి దాచిపెట్టి నన్ను మాత్రం ఏదీ దాచవద్దనేదని అప్పట్లో నాకు తోచలేదు. ఆవిడకు తోచి ఉంటుంది.

అయినా ఇంట్లో అనుమానం మొదలైంది. రెండుసార్లు పులుసులో ఉప్పు ఎక్కువైంది. ఒకసారి చేపలో ముల్లు వచ్చింది. ఆ రోజుల్లోనే పుదుచ్చేరి నుంచి ఒక పెద్ద దొర, ఆయన భార్య పడవలో దిగారు. వాళ్ళతోపాటు ఒక వంటవాడూ దిగాడు. తెల్ల కోటు, నూనె రాసిన మీసం. మా వంటింటి వరండాలో స్టూలు వేసుకుని కూర్చుని మా పని చూస్తుండేవాడు. భోజనం వడ్డించే బట్లరు సూరయ్యకు ఎవరినైనా ఏడిపించకపోతే తోచేది కాదు.

"అన్నమ్మ గారూ, ఆ మీసాలాయన మీ స్టూలు మీద కూచోడానికి కొలతలు చూసుకుంటున్నాడండీ" అన్నాడు.

"స్టూలుదేముంది సూరయ్యా, కూచునేవాడికి వంట రావాలి" అంది ఆవిడ.

కానీ ఆ సాయంత్రం దొరసానమ్మ స్వయంగా వచ్చింది. అప్పటికి ఆవిడకు ఏడో నెల. నడుం మీద చెయ్యి వేసుకుని, వచ్చీరాని తెలుగులో నెమ్మదిగా చెప్పింది. రేపు మధ్యాహ్నం పెద్ద దొర భోజనం. పీత రొట్టె చెయ్యాలి. బాగుంటే అన్నమ్మ ఉంటుంది. బాగోకపోతే ఆయన ఉంటాడు. ఆవిడ మంచిదే. మంచివాళ్ళు నెమ్మదిగా చెప్పే మాటలే ఎక్కువ భయపెడతాయి.

తెల్లారేసరికి అయ్య నాలుగు పీతలు తెచ్చాడు. అప్పుడే చిప్ప విడిచినవి. ఒకదానికి కుడి డెక్క, అదే, పట్టుకునే పెద్ద కాలు, లేదు, చిప్ప విడవడంలో ఊడిపోయిందట. నాలుగు పళ్ళాలకు నాలుగు పీతలు, ఐదోది లేదు. భోజనం మధ్యాహ్నానికి. అంతసేపు మెత్త పీతలను నిలవుంచే అవసరం మాకు ఎప్పుడూ పడలేదు, తెచ్చిన గంటలోనే వండేసేవాళ్ళం.

"తడిగడ్డిలో పెట్టి బావి నీళ్ళు చిలకరిస్తూ ఉండు" అని చెప్పి అన్నమ్మ గారు రొట్టె బట్టీ దగ్గరికి వెళ్ళింది. ఆ పూట రొట్టె తన చేత్తో తడిమి తెచ్చుకోవాలని పట్టుబట్టింది.

నేను గడ్డి వైపు చూస్తూ కూర్చున్నాను. పీతలు నురగ కక్కుతున్నాయి. వరండాలో మీసాలాయన కాలు ఊపుకుంటున్నాడు. ఇవి చచ్చిపోతే? బావి నీళ్ళతో పీత బతకడం నేను పుట్టాక చూడలేదు. మా అయ్య వాటిని పాయ నీళ్ళలోంచి తీసేవాడే కాదు. పీతల సంగతి దొరల వంటింట్లో మగ్గిన అన్నమ్మ గారికంటే పడవలో పుట్టినదాన్ని నాకే ఎక్కువ తెలుసు అనిపించింది. కుండ తీసుకుని రేవుకు పరిగెత్తాను. పాయ నీళ్ళు తెచ్చి నాలుగింటినీ అందులో వేశాను. కాకులు ఎత్తుకుపోతాయని పైన మూత పెట్టాను. మనసు కుదుటపడింది. ఉల్లిపాయలు తరుక్కుంటూ కూర్చున్నాను.

పాయలో ఉండే ఉప్పు నీళ్ళు తగిలితే చిప్ప తొందరగా బిగుస్తుందని, అందుకే ఆవిడ బావి నీళ్ళు చిలకరించమందని నాకు తెలియదు. బుట్ట మునిగే పాయ వేరు, మూసిపెట్టిన కుండ వేరు అని కూడా తోచలేదు. పాయలో నీళ్ళు పారుతుంటాయి. కుండలో ఆగిపోతాయి. అప్పుడే చిప్ప విడిచిన పీతకు అసలే ప్రాణం నీరసంగా ఉంటుంది.

మూత తీసేసరికి మూడు పీతల వీపులు తడిసి ఆరిన కాగితంలా కొద్దిగా బిగిశాయి. డెక్క లేనిది అడుగున ఒరిగి ఉంది. చెయ్యి పెట్టి తీశాను. నోటి దగ్గర వేలు పెట్టాను. గీరలేదు. ఇంకాసేపు పెట్టాను. అప్పటికీ గీరలేదు.

నీళ్ళు పారబోశాను. నాలుగింటినీ మళ్ళీ తడిగడ్డిలో పెట్టాను. కుండ బోర్లించాను. ఇప్పుడే పోయి ఉంటుంది, ఈ నిమిషంలోనే, అని నాకు నేను చెప్పుకున్నాను. ఎంతసేపటి నుంచి అలా ఉందో నాకు నిజంగా తెలియదు.

అన్నమ్మ గారు వచ్చింది. పొయ్యిలో మడ కట్టెలు రాజేసింది. రొట్టె ముక్కలు కాలాయి. సూరయ్య తలుపు దగ్గరికి వచ్చి, "దొరలు కూచున్నారండీ! ఏం పిల్లా, పీతలకి జోల పాడుతున్నావేంటి? తే, తే!" అని కేకేశాడు. మీసాలాయన స్టూలు ఇంకాస్త దగ్గరికి జరిపాడు.

మొదటి పీతను ఇచ్చాను. ఆవిడ నోటి దగ్గర వేలు పెట్టి, కత్తెరతో ముఖం కత్తిరించింది. రెండు పక్కలా చిప్ప కొసలెత్తి లోపలి దూదిలాంటి మొప్పలు తీసేసింది. తిరగేసి పొట్ట కింది మూత తుంచింది. గుడ్డతో తడి అద్దింది. తడి ఉంటే బాణలిలో పేలుతుంది, ఇది మీరు గుర్తుపెట్టుకోండి. ఉప్పు, మిరియాల పొడి, పల్చగా గోధుమ పిండి.

"వీపు ఇంత బిగిసిందేంటే?" అంది.

చెప్పడానికి అదొక చోటు. నేను చెప్పలేదు. "ఎండ ఎక్కింది కదండీ" అన్నాను.

రెండోది. మూడోది. రెంటికీ నోటి దగ్గర వేలు పెట్టి చూసుకుంది. బాణలి చుయ్యిమంటోంది. సూరయ్య మళ్ళీ కేకేశాడు. నాలుగోదానికి ఆవిడ చెయ్యి చాచింది. నేను డెక్క లేని పీతను తీసుకుని, దాని వెనక కాలి కీలు కింద నా బొటనవేలు పెట్టి నొక్కుతూ ఆవిడ అరచేతిలో పెట్టాను. కాలు ఆవిడ చేతిని తన్నింది. ఒకసారి కాదు, రెండుసార్లు.

"ఇది హుషారుగా ఉందే" అని నవ్వింది. నోటి దగ్గర వేలు పెట్టలేదు. కత్తెర వేసింది.

నాలుగు పళ్ళాలు తయారయ్యాయి. సూరయ్య వాటిని పెద్ద పళ్ళెరంలో పెట్టి ఎత్తాడు. అన్నమ్మ గారు నుదుటి చెమట తుడుచుకుని నా వైపు తిరిగింది.

"నాకు తెలియంది ఏమైనా ఉందా?"

వరండాలో మీసాలాయన మా వైపే చూస్తున్నాడు.

"లేదండి" అన్నాను.

పళ్ళెరం గుమ్మం దాటింది.

వంటింటికీ భోజనాల గదికీ మధ్య చిన్న నడవ. దాని చివర తెర. మాలాంటివాళ్ళం తెర దాటి వెళ్ళకూడదు. నేను తెర అంచు పట్టుకుని నిలబడ్డాను. ఆ పళ్ళెం పెద్ద దొర ముందు పడుతుందనుకున్నాను. ఎందుకో ఆయనకేమైనా అయితే నాకంత బాధ లేదనిపించింది, చిన్నపిల్లని కదా. కానీ సూరయ్య మర్యాద తెలిసినవాడు. నిండుగా ఉన్న పీతలను చుట్టాల ముందు పెట్టాడు, తరవాతది దొరకు. డెక్క లేని పీతను ఇంటావిడ ముందు పెట్టాడు. మన ఇళ్ళల్లో ఆడవాళ్ళు విరిగిన ముక్క తమకు వేసుకోరూ, అలాగ.

దొరసానమ్మ ఒక చెయ్యి పొట్ట మీద వేసుకుని, ఇంకో చేత్తో నిమ్మచెక్క పిండింది. కత్తితో కోసింది. ముక్కను ముల్లుకు, అదే, ముళ్ళ చెంచాకు, గుచ్చింది.

తెర దాటాను. ఆ నున్నటి నేల మీద నా తడి కాళ్ళు జారాయి. బల్ల దగ్గరికి వెళ్ళి పళ్ళెం పట్టుకుని లాగేశాను. పచ్చసొన ముద్ద తెల్ల గుడ్డ మీద పొడుగ్గా సాగింది. పీత నేల మీద పడింది. ఆవిడ చేతిలో ముల్లు, ముల్లుకు ముక్క అలాగే ఉన్నాయి.

"తినకండమ్మా" అన్నాను. "చచ్చిన పీతండి."

పెద్ద దొర ఏదో అడిగాడు. మా దొర వాళ్ళ భాషలో చెప్పాడు. పెద్ద దొర భార్య నోట్లోది గుడ్డలో ఉమ్మేసింది. దొరసానమ్మ ముల్లును నెమ్మదిగా బల్ల మీద పెట్టి, రెండు చేతులూ పొట్ట చుట్టూ వేసుకుంది. ఆ చేతులు నాకు ఇప్పటికీ కనిపిస్తాయి.

"అన్నమ్మా!" అని దొర అరిచాడు.

ఆవిడ గోడ పట్టుకుంటూ వచ్చింది. ఆ నడవలో ఆవిడకు అడుగుల లెక్క లేదు. తెర దగ్గర ఒకసారి తడబడింది. నా మీద కోపంతో ఆవిడ నన్ను అబద్ధాలకోరు అంటుందనుకున్నాను. లేదంటే నన్ను కాపాడటానికి తప్పంతా తన మీద వేసుకుంటుందనుకున్నాను. రెండూ చెయ్యలేదు.

"నిజమేనా?" అన్నాడు దొర.

"అది అబద్ధమాడదండి." నేనున్న వైపు ముఖం తిప్పింది. "ఆడినా మళ్ళీ వచ్చి చెప్తుంది. పీత ఇచ్చింది అదండి. చూసుకోకుండా బాణలిలో వేసింది నేనండి. నాకు కళ్ళు కనపడవు దొరగారూ. రెండేళ్ళయింది. తమరికి చెప్పలేదు."

దొర బల్ల మీది నుంచి ఏదో పైకెత్తి ఆవిడ ముఖం ముందు పట్టుకున్నాడు. "ఇదేంటి?"

"తెలీదండి. వంటింట్లో అయితే తెలిసేది."

సూరయ్య తల దించుకుని కళ్ళు తుడుచుకున్నాడు. నవ్వించేవాడు ఏడిస్తే చూడలేం.

ఆ సాయంత్రమే ఇద్దరం గేటు దాటాం. మీసాలాయన స్టూలు లోపలికి జరుపుకున్నాడు. దొరసానమ్మ వెనక మెట్ల దాకా వచ్చింది. నన్ను తిడుతుందనుకున్నాను. "నూకాల్," అంది, ఆవిడ నా పేరు అలాగే పలికేది, "ముందే చెప్పాలి." అంతే. తరవాత ఆవిడకు కులాసాగా కాన్పయిందని, ఆడపిల్ల పుట్టిందని సూరయ్య చెప్పాడు. ఆ పీత తిని ఉంటే ఏమయ్యేదో నాకు తెలియదు. ఏమీ అయ్యేది కాదేమో. ఆ 'ఏమో'ని మోస్తూనే ఇంత వయసు వచ్చింది నాకు.

అన్నమ్మ గారు కాలవ గట్టున ఒక పాకలో దిగింది. నేను రెండు రోజులు అయ్య పడవలో కూర్చుని, మూడో రోజు వెళ్ళాను. గుమ్మం బయటే నిలబడ్డాను. ఆవిడకు నీడ తెలుస్తుంది కదా.

"నూకాలేనా?"

"నేనేనండి. మీ ఉద్యోగం పోగొట్టాను."

"ఉద్యోగం ఎలాగూ పోయేదే. కుండలో నీళ్ళు పోశావంట, మీ అయ్య చెప్పాడు. అదీ తెలియక చేశావు. ఆఖరికి వెళ్ళి చెప్పావు, బానే ఉంది." ఆవిడ గొంతు ఇంకా తగ్గింది. "కానీ బొటనవేలితో కాలు కదిపావు చూడూ. గుడ్డిదాని చేతిలో పెట్టి కదిపావు. అదే, పిల్లా."

నేను ఏడవలేదు. ఏడిస్తే ఆవిడ వినాల్సి వస్తుందని.

గుమ్మం దాకా తడుముకుంటూ వచ్చి, "రేపు పొద్దున్నే రా" అంది. "రేవులో పడవలవాళ్ళకి వేడి వేపుడు దొరకట్లేదట. చేద్దాం. కానీ నీ చేతిలోంచి తీసుకునేది ఏదైనా నేను చూసుకునే తీసుకుంటా. రోషపడకు."

అలా మొదలైంది ఈ రేవు దగ్గర కొట్టు, మీ అమ్మను పెంచిన కొట్టు. ఆవిడ అన్నట్టే చేసింది. ప్రతి పీత నోటి దగ్గరా వేలు పెట్టేది. చేప ఇస్తే మొప్ప తడిమేది. ఉప్పు ఇస్తే నాలికకు రాసుకునేది, మంచినీళ్ళు ఇచ్చినా వాసన చూసి తాగేది. ఎదురుగా పడవలవాళ్ళు నవ్వినా మానేది కాదు. మధ్యాహ్నాలు ఖాళీగా ఉంటే పీట మీద పిండి పరిచి, చూపు లేని వేలితోనే అక్షరాలు దిద్ది నాకు నేర్పింది. తన బైబిలు నాచేత చదివించుకోవాలని. చదివేటప్పుడు కూడా, "ఉన్నది ఉన్నట్టు చదువుతున్నావా, తెలియని మాట దాటేస్తున్నావా?" అని ఆపేది. దాటేసినప్పుడల్లా ఆవిడకు తెలిసేది. ఎలా తెలిసేదో నాకిప్పటికీ తెలియదు.

అలా ఏళ్ళు గడిచాయి. నాకు పెళ్ళయింది. మీ అమ్మ పుట్టింది. ఒకరోజు చంకలో పిల్ల, కాళ్ళ దగ్గర పీతల బుట్ట, పొయ్యి మీద కాగిన బాణలి. ఆవిడ చెయ్యి చాచింది. పీత నోటి దగ్గర నేను వేలు పెట్టి చూసి, ఆవిడ చేతిలో పెట్టాను. ఆవిడ తిన్నగా కత్తెర వేసేసింది.

"అమ్మగారూ, చూసుకోలేదండీ!"

"నువ్వు చూశావుగా" అంది. ఇంకో పీత కోసం చెయ్యి చాచింది. "ఇయ్యి, నెయ్యి మాడుతోంది."

అంతే. నాకు అంతకంటే పెద్ద బహుమానం ఎవరూ ఇవ్వలేదు. మీ తాతయ్య పెట్టిన బంగారం కూడా కాదు. ఆవిడ పోయి చాలా ఏళ్ళయింది. చివరిరోజు వరకూ పళ్ళెం గుమ్మం దాటేముందు ఆ మాట మాత్రం అడగడం మానలేదు.

పిల్లలూ, మీ అమ్మ ప్రతి ఉత్తరంలో అడుగుతుంది, "అమ్మా, నీ కళ్ళు ఎలా ఉన్నాయి?" అని. నేను ప్రతిసారీ "బాగున్నాయి, నిన్ననే సూదిలో దారం ఎక్కించాను" అని రాస్తున్నాను. ఆ సూదిలో దారం ఎక్కించింది పక్కింటి సుబ్బమ్మ. కిందటి మూడు ఉత్తరాలు నేను చెబితే బడి పంతులు గారు రాశారు, నా చేతిరాతలా వంకరగా రాయమని బతిమాలాను. ఇది నేనే రాస్తున్నాను. వరసలు ఒకదాని మీదికి ఒకటి ఎక్కాయని నాకు తెలుసు. కుడి కన్ను పూర్తిగా పోయింది. ఎడమదాన్లో పాలపొర కమ్ముతోంది. పొద్దున ఆ పీతను వేలితో చూశాను, చెవితో తిప్పాను. మీకు చెప్పలేదు. మీరు కంగారుపడి ఓడెక్కి వచ్చేస్తారని, నా కొట్టు మూయించి నన్ను అక్కడికి తీసుకుపోతారని. ఇన్నాళ్ళూ నేను ఉత్తరాల్లో ఆ కాలు కదుపుతూనే ఉన్నాను.

ఈ కళ్ళ సంగతి రాయకుండానే ఉత్తరం మడవబోతుంటే ఆవిడ మళ్ళీ పక్కన కూర్చుని, "నాకు తెలియంది ఏమైనా ఉందా?" అని అడిగినట్టయింది. ఈసారి నేను "లేదండి" అనలేదు.

చిట్టీ, నువ్వు పెద్దగా చదువు, మీ అమ్మకి వినపడాలి. కళ్ళ సంగతి దగ్గర దాటేయకు. కొట్టు నేను మూయను, అది కూడా చదువు. ఆ తరవాత ఇద్దరూ కలిసి రొట్టె చేసుకోండి. పీత నోటి దగ్గర వేలు పెట్టండి, తడి బాగా అద్దండి, చప్పుడు సన్నబడ్డాకే తిప్పండి. పైన ఇంకో ముక్క పెట్టకండి.

మీ అమ్మమ్మ,
నూకాలు